యాభై ఎనిమిది నమూనాలు – ఒక పడవ

ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర విషయం రాయమని మన కార్యదర్శిగారు కోరారు. రాజుల చరిత్ర, గుళ్ళ చరిత్ర రాయగల పెద్దలు మన సంఘంలో చాలామంది ఉన్నారు. నేను గుమాస్తాగిరీ చేసి రిటైరైనవాణ్ణి. నాకు చేతనైంది ఫైలు చదవడం. అందుచేత ఒక ఫైలు కథే చెబుతాను. కాకపోతే ఆ ఫైలు మనది కాదు, స్వీడన్ దేశానిది. అందులోంచి బయటికొచ్చింది జీ.వో. కాదు, ఒక తెరచాప పడవ.

మా అబ్బాయి ఉద్యోగరీత్యా గోథెన్‌బర్గ్‌లో ఉంటాడు. ఒక వేసవిలో నేనూ మా ఆవిడా అక్కడికి వెళ్ళాం. మనవడు సాయంత్రాలు నన్ను రేవుకు తీసుకువెళ్ళేవాడు. తెల్లటి కొత్త పడవల మధ్య వార్నిషు కొట్టిన చెక్క పడవ ఒకటి కట్టి ఉండేది. పెంకుటింటి మీద పెంకులు పేర్చినట్టు, పలక అంచు మీద పలక ఎక్కించి బిగించారు. దాని యజమాని ఇంచుమించు నా వయసువాడే. నేను రోజూ చూస్తున్నానని గమనించి, ఎక్కి చూడమన్నాడు. లోపలి గదిలో నిలబడడానికి వీల్లేదు, వంగి దిగి కూర్చోవాలి. అటూ ఇటూ పడుకునే బల్లలున్నాయి. "ఇది మా ఊళ్ళో పుట్టిన పడవే" అన్నాడాయన. దాని పేరు ఫోక్‌బోట్, అంటే జనం పడవ. ఇంటికి వచ్చాక మనవడి చేత దాని చరిత్ర వెతికించి చదివాను.

ఆ రోజుల్లో తెరచాప పడవ ధనవంతుల సరదా. సామాన్య జీతగాడు కొనుక్కోగలిగేది, సెలవుల్లో భార్యాబిడ్డలతో నాలుగు రోజులు తిరిగి రాగలిగేది, ఆదివారం పందెంలోనూ దింపగలిగేది, అలాంటి పడవ ఒకటి కావాలని అక్కడి పడవ సంఘాలవారు తలచారు. రెండో ప్రపంచయుద్ధం నడుస్తోంది. స్వీడన్ యుద్ధంలో చేరలేదు గానీ కటకట తప్పలేదు. ఆ పరిస్థితిలోనే స్కాండినేవియా పడవల సమాఖ్య నమూనాల పోటీ పెట్టింది.

అడిగినంత తేలిక కాదు ఆ కోరిక. పందెపు పడవ తేలికగా ఉండాలి, దాని చాప పెద్దదిగా ఉండాలి. కుటుంబంతో వెళ్ళే పడవకు బరువుండాలి, గాలి విసురుకు ఒరిగిపోకుండా నిలవాలి, పడుకోవడానికి చోటుండాలి. పక్క వేసుకోవడానికని పొట్ట వెడల్పు చేస్తే నీటిలో వేగం తగ్గుతుంది. వేగం కోసం సన్నగా లాగితే లోపల కాలు చాపడానికి ఉండదు. వీటన్నిటి పైన ధర ఒకటి!

1941లో పోటీకి వచ్చిన నమూనాలు 58. (58 అనగానే మన తరంవారికి పదవీ విరమణ గుర్తుకొస్తుంది!) న్యాయనిర్ణేతలు అన్నిటినీ పరిశీలించి, ఏ ఒక్కటీ పూర్తిగా సరిపోదని తేల్చారు. అయితే కొన్నిటిలో మంచి అంశాలున్నాయి. వాటిని కలిపి ఒకటిగా గీయమని టోర్డ్ సుందేన్ అనే ఆయనకు అప్పగించారు.

ఇక్కడికి వచ్చేసరికి నాకు నా సొంత ఫైలు గుర్తొచ్చింది. వెనక ఒక ఆఫీసులో పనిచేస్తున్నప్పుడు, తుఫాను సాయం పంపిణీ పద్ధతి మీద నాలుగు సెక్షన్లు నాలుగు ప్రతిపాదనలు పంపాయి. కమిటీకి ఏదీ నచ్చలేదు. "నాలుగూ కలిపి ఒక డ్రాఫ్టు పుటప్ చెయ్యవయ్యా" అన్నారు సూపరింటెండెంటుగారు. ఒకదాని మొదటి పేరా, మరొకదాని చివరి పేరా అతికిస్తే అయిపోతుందనుకున్నాను. తీరా చూస్తే, ఒకరు రేషను కార్డు ప్రకారం ఇవ్వమంటారు, మరొకరు కూలిన ఇంటి లెక్కన ఇవ్వమంటారు. ఒక మాట మారిస్తే కింది పది మాటలూ మారాలి. చివరికి అంతా కొత్తగానే రాయవలసి వచ్చింది.

పడవ గీతలూ అంతే. ఒకరి ముక్కు, ఒకరి తోక తెచ్చి అతికిస్తే పడవ కాదు. సుందేన్ గీసినది 7.68 మీటర్ల పొడవు, 2.20 మీటర్ల వెడల్పు, నీటి కింద 1.20 మీటర్ల లోతు. బరువు 1,930 కిలోలు. అందులో సుమారు సగం అడుగున బిగించిన ఇనుప దిమ్మదే. పడవ గాలికి ఒరిగినా తిరిగి లేచేది ఆ దిమ్మ వల్లనే. చాప 24 చదరపు మీటర్లు మాత్రమే, ఇద్దరు ముగ్గురు సంబాళించుకోగలరు. చుక్కాని వెనక పలకకే తగిలించారు, చేయడం సులువు, బాగుచేయడం సులువు. పైగా అన్ని పడవలూ ఒకే కొలతన ఉండాలని నియమం. డబ్బున్నవాడి పడవ ఎక్కువ పరుగెత్తదు. గెలుపు నడిపేవాడి నేర్పును బట్టే.

1942 ఏప్రిల్‌లో గోథెన్‌బర్గ్‌లో మొదటి పడవ నీటిలో దిగింది. తరవాత ఆ కొలతతో పడవలు వేలల్లో తయారయ్యాయి. హాస్లర్ అనే బ్రిటిష్ సైనికాధికారి ఇదే నమూనాను తనకు కావలసినట్టు మార్చుకుని, చైనా పద్ధతి చాప కట్టి, 'జెస్టర్' అని పేరు పెట్టుకున్నాడు. 1960లో ఒంటరిగా అట్లాంటిక్ దాటే మొదటి పందెం జరిగితే, ప్లిమత్ నుంచి న్యూయార్క్‌కు 48 రోజుల్లో చేరి రెండవవాడిగా నిలిచాడు. సెలవుల కోసం గీసిన పడవ మహాసముద్రం దాటింది!

మరి పేరు ఎవరికి రావాలి? దీని మీద చాలాకాలం వాదం నడిచింది. ఆలోచనలు పోటీలో పాల్గొన్నవారివి, నిర్ణయం కమిటీది, కాబట్టి పడవ సమాఖ్యది అన్నారు కొందరు. గీసినవాడిదే అన్నారు మరికొందరు. 1960ల్లో సుందేన్ ఫైబర్‌గ్లాసుతో ఇలాంటిదే మరొక పడవ రూపొందించాడు. దాని విషయంలో ఆ పేచీ లేదు. ఇవాళ ఫోక్‌బోట్ పుస్తకాల్లోనూ ఎక్కువగా ఆయన పేరే కనిపిస్తుంది.

న్యాయంగా ఆలోచిస్తే సమాఖ్య వాదంలోనూ కొంత నిజముంది. నా డ్రాఫ్టులోని ప్రతి ఆలోచనా నాలుగు సెక్షన్లలో ఎవరో ఒకరిదే. వారి పేర్లూ ఎక్కడా లేవు. కానీ పొసగని నాలుగు మాటలను పొసిగేటట్టు చేయడం కూడా సృష్టే అని నా మనవి. ఆ ఉత్తర్వు అధికారిగారి సంతకంతో వెళ్ళింది. నా పొట్టి సంతకం నోట్ ఫైలు మూలన మిగిలింది. ఆ ఫైలు డి.డిస్.లో పడి, గడువు తీరాక చిత్తుకాగితమైపోయింది. అప్పట్లో కొంచెం బాధపడ్డాను. అయితే ఆ పద్ధతిన సాయం అందిన ఊళ్ళను తరవాత నేను కళ్ళారా చూశాను.

రేవులో ఆ పెద్దమనిషిని వచ్చేముందు అడిగాను, ఈ పడవ ఎవరు చేశారో తెలుసా అని. "సుందేన్" అన్నాడు తడుముకోకుండా. నాకెందుకో చాలా సంతోషం కలిగింది.

మన సభ్యుల్లో ఇలాంటి డ్రాఫ్టులు రాసినవారు ఎందరో ఉన్నారు. ఫైళ్ళు పోయినా మనుషులం ఉన్నాం. ఎవరు ఏది రాశారో వచ్చే సంచికకు నాలుగు ముక్కలు రాసి పంపమని కోరుతున్నాను. తోటి గుమాస్తాల పేర్లు మాత్రం మరిచిపోవద్దు.