గేరిలో రెండో రాకడ (7వ భాగం)

మా జేజి తెల్లారుజామున వాకిలి ఊడుస్తా అనేది: "ప్రభువు ఏ గడియలో వస్తాడో, ఇల్లు ఇట్ల పెట్టుకుంటే ఎట్ల?" రెండో రాకడ ఆమెకు పొరకతో మొదలయ్యే పని.

కడవరి దినాల బోధ దళితుల్ని ఆకాశం వైపు చూడమంది, భూమి అడగనివ్వలేదు అని మన మిత్రులు అంటుంటారు. కొంత నిజమే. కానీ మన జిల్లాల చరిత్ర అంత సులువుగా ఆ మాటకు లొంగదు.

1876–78 ధాత కరువు కర్నూలు, కడప, బళ్లారి జిల్లాలను తుడిచిపెట్టింది. 1877లో రిచర్డ్ టెంపుల్ కరువు పనుల కూలీల గింజల్ని రోజుకు ఒక పౌనుకు కుదించాడు. లోకాంతం గేరి జనం పుస్తకంలో చదివింది కాదు, కళ్లతో చూసింది. ఆ మాట ఈ నేలకు కొత్త కూడా కాదు. కందిమల్లాయపల్లె వీరబ్రహ్మం కాలజ్ఞానం అప్పటికే జనం నోట ఉంది. ఆయన శిష్యుడిగా మాదిగ కక్కయ్యను ఇప్పటికీ తలుచుకుంటారు.

కడపలో లండన్ మిషన్ 1822 నుంచే ఉంది. నంద్యాల, ముత్యాలపాడు వైపు ఎస్పీజీ, అప్పట్లో కర్నూలు జిల్లాలోనే ఉన్న కంభం వైపు అమెరికన్ బాప్టిస్టులు పనిచేశారు. 1878 జూలై 3న ఒంగోలు దగ్గర గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం తీసుకున్నారు. "తిండికోసం కలిశారు" అనేవాళ్లకు ఒక సంగతి చెప్పాలి: కరువు సాయం నడిచినన్నాళ్లూ జాన్ క్లౌ బాప్తిస్మాలు ఆపేశాడు.

ఆ మాదిగ విశ్వాసులకు పెట్టిన నియమాలు మూడు: ఆదివారం పని చేయొద్దు, చచ్చిన గొడ్డు మాంసం తినొద్దు, విగ్రహాలకు మొక్కొద్దు. ఇవి వట్టి భక్తి నియమాలేనా? ఆదివారం పని మానడమంటే ఆసామి పిలిస్తే పోకపోవడం. చచ్చిన గొడ్డు వెట్టికిచ్చే ప్రతిఫలం. దాన్ని వద్దనడమంటే వెట్టినే వద్దనడం. మొక్కకపోవడమంటే జాతరలో డప్పు కొట్టకపోవడం. అందుకే ఊరు పగబట్టింది, బావుల దగ్గరికి రానీయలేదు. పరిశుద్ధ జీవితం మన తాతలకు ఒక రకం సమ్మె.

తర్వాత ఏమైంది? సంఘంలోకి మాల, మాదిగ గీతలు మనతోపాటే వచ్చాయి. దయ్యాల వాయిద్యమని డప్పును పక్కనపెట్టాం. వెట్టితోపాటు మన పాటా పోయింది. 1950 రాష్ట్రపతి ఉత్తర్వు ఎస్సీ హోదాను హిందువులకే ఇచ్చింది. 1956లో సిక్కుల్ని, 1990లో బౌద్ధుల్ని చేర్చారు. క్రైస్తవులు ఇంకా బయటే. ఇప్పుడు పరిశుద్ధత పూలకు, గాజులకు, సినిమాకు కుంచించుకుపోయింది. మృగం ముద్ర ఎవరిదని గంటలకొద్దీ బోధించే వేదిక మీద కూలి రేటు మాట రాదు.

రాకడ కోసం కాచుకోవడం తప్పు కాదు మిత్రులారా. మా జేజి కాచుకుంటానే ఊడ్చింది. మనం ఏం ఊడుస్తున్నాం?

(డప్పు సంగతి వచ్చే భాగంలో)