కచేరికి కూర్పు

భద్రాచలమున శ్రీరామనవమినాడు జరుగు సీతారామకల్యాణమును కొందరు అడవిదారుల వచ్చి చూతురు; తక్కినవారము రేడియో ముందు కూర్చుండి విందుము. ఆ వినుటనే చూచుటగా మార్చిన ఉషశ్రీగారి వ్యాఖ్యానమును మన మింకను మరువలేదు. దీనికి విలోమమైన విద్య యొకటి కలదు: కంటికి కనబడు బొమ్మను చెవి చెప్పినట్లు నడపుట. సంగీతచిత్రముల కూర్పరి, అనగా ఎడిటరు, చేయు పని యిదియే. ఆ పనిలో పేరొందిన జి. జి. కృష్ణారావుగారిని గూర్చి నేడు ముచ్చటింతము. భద్రాద్రి పాటయే మనల నాయన యొద్దకు గొనిపోవును.

ఖమ్మము సీమలోని నేలకొండపల్లివాడగు కంచెర్ల గోపన్న 17వ శతాబ్దమున పాల్వంచ పరగణా తహశీలుదారై, వసూలైన సొమ్ముతో రాముని గుడి కట్టించి, గోలకొండ చెరలో బడెనని ప్రతీతి. ఆ రామదాసు కీర్తనలు భజనగోష్ఠులలో బ్రతికినవి. రేడియో “భక్తిరంజని” ద్వారా ఇల్లిల్లు చేరినవి. 1980 ఫిబ్రవరి 2వ తేదీన విడుదలయైన “శంకరాభరణము”లో “పలుకే బంగారమాయెనా”, “ఏ తీరుగ నను” అను రెండు కీర్తనలు వినబడును. ఆ చిత్రమునకు దర్శకుడు కె. విశ్వనాథ్, సంగీతదర్శకుడు కె. వి. మహదేవన్, కూర్పు కృష్ణారావుగారిది.

సినిమాలో పాట ముందుగా ధ్వనిముద్రిత మగును. దానిని చిత్రీకరణస్థలమున మరల వినిపించుచుండగా నటులు పెదవులు కదల్తురు. ఒకే చరణమును కెమెరా పలుతావులనుండి పలుమార్లు పట్టును. ఆ తునుకలన్నియు కూర్పరి బల్లమీదికి వచ్చును. ఫిలిము సెకనుకు 24 బొమ్మల చొప్పున నడచును. అడుగునకు 16 బొమ్మలు. ఆదితాళమున అక్షరమునకు ఒక సెకను చొప్పున ఎంచినచో, ఆవర్తనమునకు 8 సెకనులు, 192 బొమ్మలు, 12 అడుగుల ఫిలిము. అందు రెండు మూడు బొమ్మలు తప్పినను పెదవి యొకదారి, పలుకొకదారి పట్టును.

లెక్క కుదిరినంతమాత్రమున చాలదు. పాట ఊపిరి తీయుచోట కత్తెర పడినచో చూపరికి తెలియదు. సంగతి నడుమ పడినచో రాగ మెరుగనివాడును ఉలికిపడును. “శంకరాభరణము” చివరి కచేరిలో శంకరశాస్త్రి గొంతు పాట నడుమ ఆగిపోగా, శిష్యుడైన బాలుడు అందుకొని ముగించును. అచట గురువును, బాలుని, తల్లి తులసిని, సభను చూపవలెను; పాట మాత్రము తెగరాదు. ఆ భారము కూర్పరిదే.

ఆ చిత్రసంగీతమునకు మహదేవన్, ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యం, వాణీ జయరాం జాతీయ పురస్కారముల నందిరి. తరువాత “సప్తపది”, “సాగరసంగమం”, “శుభసంకల్పం” చిత్రముల కూర్పునకు కృష్ణారావుగారికి నంది పురస్కారములు లభించినవి.

2023 ఫిబ్రవరి 2న విశ్వనాథ్, 4న వాణీ జయరాం, 21న కృష్ణారావు కన్నుమూసిరి. పాట వినినవారెల్లరు గాయకురాలిని తలతురు. కూర్పరిని తలచువారు తక్కువ. ఇకమీదట ఆ చిత్రమున రామదాసు కీర్తన వచ్చినపుడు, ఒకమారు కన్నులు మూసి వినుడు. మరల తెరచి చూడుడు. రెండుమార్లును పాట ఒక్కటిగనే తోచినచో, అది కృష్ణారావుగారి కష్టఫలమని గ్రహింతము.