రెండో ప్రాధాన్యం ఎవరిని గెలిపించింది?

పట్టభద్రుల ఎమ్మెల్సీ ఎన్నికలో మొదటిసారి ఓటేసినప్పుడు ఒక పేరు పక్కన 1 వేసి, కాగితం మడిచి పెట్టెలో పడేసి వచ్చేశాను. 2, 3 ఎవరికిస్తే ఏంటి, మనవాడు గెలిస్తే చాలు కదా అనుకున్నాను. ఆ ఖాళీ గడుల విలువ ఎంతో 1969 రాష్ట్రపతి ఎన్నిక లెక్కలు చూశాక గానీ తెలియలేదు.

ఆ ఏడాది మేలో జాకీర్ హుస్సేన్ పదవిలో ఉండగానే చనిపోయారు. కాంగ్రెస్ అధికారిక అభ్యర్థిగా నీలం సంజీవరెడ్డి, స్వతంత్రుడిగా వి.వి. గిరి నిలబడ్డారు. ఇద్దరూ తెలుగువాళ్లే. జనసంఘ్, స్వతంత్ర పార్టీలు సి.డి. దేశ్‌ముఖ్‌ని బలపరిచాయి. కాంగ్రెస్ అధ్యక్షుడు నిజలింగప్ప ఆ పార్టీల నాయకుల్ని కలిసి, మీ రెండో ప్రాధాన్యం మా రెడ్డిగారికివ్వండని అడిగారు. ఇందిరా గాంధీ వర్గం దాన్నే పట్టుకుని నిలదీసింది. అంతరాత్మ ప్రకారం ఓటేయమని ఆమె పిలుపునిచ్చారు.

ఈ ఎన్నికలో గెలవాలంటే చెల్లిన ఓట్ల విలువలో సగం దాటాలి. ఎవరూ దాటకపోతే అట్టడుగున ఉన్న అభ్యర్థిని తీసేసి, ఆయన కాగితాల మీద తర్వాతి అంకె ఎవరికుంటే వాళ్లకి ఆ ఓట్లు కలుపుతారు. ఫ్రాన్స్ అధ్యక్ష ఎన్నికలో సగం ఎవరికీ రాకపోతే, మొదటి ఇద్దరి మధ్య రెండు వారాల తర్వాత మళ్లీ పోలింగ్ పెడతారు. మన దగ్గర ఆ రెండో రౌండ్ మొదటి కాగితంలోనే దాగుంటుంది.

మొత్తం విలువ 8,36,337. కోటా 4,18,169. మొదటి లెక్కలో గిరికి 4,01,515, రెడ్డికి 3,13,548, దేశ్‌ముఖ్‌కి 1,12,769 వచ్చాయి. మిగతా అభ్యర్థులందరికీ కలిపి 8,505.

గిరి రెండో ప్రాధాన్య ఓట్లతో గెలిచారని జీకే పుస్తకాల్లో చదివి, వెనకబడ్డాయన్ని ఆ ఓట్లే పైకి లేపాయనుకునేవాణ్ణి. తీసివేతలు చేసి చూస్తే కథ తిరగబడింది. బదిలీల్లో గిరికి దక్కింది 18,562 మాత్రమే, రెడ్డికి ఏకంగా 91,879. నిజలింగప్ప అడిగింది చాలావరకు దక్కినట్టే. 87,967 తేడా 14,650కి దిగింది. అయినా చాలలేదు. గిరి 4,20,077 దగ్గర, కోటాకి 1,908 పైన ఆగారు.

మామూలు లోక్‌సభ పద్ధతిలో లెక్కపెట్టినా గిరే గెలిచేవారు, కాకపోతే 48 శాతంతో. రెండో ప్రాధాన్యం ఆయనకి సగం దాటిన బలాన్నిచ్చింది. ఓడినాయనకి నిజమైన అవకాశమూ ఇచ్చింది. అదే ఏడాది నవంబరులో కాంగ్రెస్ చీలిపోయింది. 1977లో రెడ్డి ఏకగ్రీవంగా రాష్ట్రపతి అయ్యారు. ఈసారి లెక్కపెట్టడానికి ఓట్లే లేవు.

నాకు గుర్తుండిపోయింది మాత్రం ఇంకో అంకె. ఆ ఇద్దరిలో ఎవరికీ చేరకుండా మధ్యలోనే ఆగిపోయిన 10,833. అవన్నీ రెడ్డికే పడినా ఇంకా 3,817 తక్కువే, ఫలితం మారేది కాదు. కానీ చివరి పోటీ ఆ ఇద్దరి మధ్య జరుగుతున్నప్పుడు ఆ కాగితాలకి మాట లేదు.

నా ఎమ్మెల్సీ అభ్యర్థి కూడా మధ్యలోనే ఎలిమినేట్ అయ్యాడు. నా కాగితమూ అలాంటి కుప్పలోకే పోయుంటుంది.