బాలనాగమ్మ కథయు ఉద్దానపు విపత్తులును

బాలనాగమ్మ కథ నెరుగని తెలుగువారు అరుదు. మాయల పకీరు ఆమెను కుక్కగా మార్చి తన కోటకు గొనిపోయెను. విడిపింప వచ్చిన భర్త కార్యవర్ధిరాజును, అతని సోదరులను, సేనను శిలలుగా మార్చెను. ఏండ్లు గడచిన పిమ్మట ఆమె కుమారుడు బాలవర్ధిరాజు సప్తసముద్రముల కావల నున్న చిలుకను పట్టి చంపగా పకీరు చచ్చెను. శిలలు మరల మనుష్యు లయ్యెను. పాఠభేదము లెన్ని యున్నను కథాశరీర మిదియే. బుర్రకథగా పల్లెల నలరించి, 1942లో చలనచిత్రముగా వెలువడిన యీ కథను అద్భుతరసప్రధాన మనుట పరిపాటి. మేమిట దానిని ఒక విపత్తును, తదనంతర స్థితిని చెప్పు కథగా పరిశీలింప దలచితిమి.

ఈ కథలో విపత్తునకు మూడు లక్షణములు గలవు. దానికొక కర్త కలడు, అతడు పకీరు. దానికొక క్షణము కలదు. మంత్రించిన తోడనే సేన శిలయైనది. దానికొక విరుగుడు కలదు. చిలుక చచ్చిన తోడనే శిల చలించినది. నాశ మెంత త్వరితమో పునరుద్ధారమును అంత త్వరితము. లేచిన సైనికుడు ఇల్లు చేరునప్పటికి అతని పొల మెట్లున్నది, ఆలుబిడ్డలు ఆ యేండ్లెట్లు గడపిరి అను ప్రశ్నను కథకుడు వేయడు. వేయ నక్కరయు లేదు. కథ మంగళముతో ముగియవలెను. చరిత్రకారున కా సౌకర్యము లేదు. కథ విడిచిన చోటనే అతని పని మొదలగును. ఇది యెట్లో ఉద్దానపు ఇటీవలి చరిత్ర నుదాహరణముగా గొని చూపుదుము.

శ్రీకాకుళము జిల్లా ఈశాన్యమున, తూర్పుకనుమలకును సముద్రమునకును నడుమ, ఇచ్ఛాపురము, కవిటి, కంచిలి, సోంపేట, మందస, వజ్రపుకొత్తూరు మున్నగు మండలములలో వ్యాపించిన తోటల సీమకు ఉద్దాన మని పేరు. ఉద్యానవన మను మాటనుండి ఈ పేరు వచ్చినదని ప్రసిద్ధి. ఇసుక నేలలలో కొబ్బరి, జీడిమామిడి, పనస యిచటి ప్రధాన ఫలవృక్షములు. జీడిపిక్కలు పలాస-కాశీబుగ్గ కర్మాగారములకు చేరును. అచట పెంకు కొట్టుట, పొర తీయుట, పప్పును ఏరి తరగతులుగా వేరుచేయుట వేలమందికి, అందు ముఖ్యముగా స్త్రీలకు, జీవనాధారములు. చెట్టొక యింటిదైనను దాని నీడన బ్రతుకు నిండ్లు పెక్కు.

2018 అక్టోబరు 11వ తేది తెల్లవారుజామున 4-30, 5-30 గంటల నడుమ తిత్లీ తుపాను పలాస సమీపమున తీరము దాటెను. గాలి గంటకు 140 నుండి 150 కిలోమీటర్ల వేగముతో వీచి, విసురులలో 165 వరకు పోయెను. తిత్లీ యనగా సీతాకోకచిలుక. ఆ పేరు పాకిస్తాను సూచించినది. 2013 అక్టోబరు 12న ఫైలిన్ గోపాలపురము వద్దను, 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ విశాఖపట్టణము వద్దను తీరము దాటినవి. తిత్లీ నేరుగా తోటల మీదికే వచ్చినది. తెల్లవారునప్పటికి తరముల కష్టము నేల గూలెను.

ఇంతవరకు కథతో పోలిక కుదురును. తరువాతి దశలో కుదురదు. కూలిన కొబ్బరిచెట్టు సంగతి యటుంచి, మొవ్వు విరిగిన చెట్టును గమనింపుడు. కొబ్బరికి పెరుగుదల స్థాన మొక్కటే. అది విరిగినచో చెట్టు నిలిచియే చచ్చును. శిలయైన సైనికునివలె అది నిలుచును గాని ఏ చిలుక మరణమును దానిని లేపజాలదు. కొత్త మొక్క నాటవలెను. పొడుగు రకపు కొబ్బరి తొలికాపునకే సుమారు 6 నుండి 8 ఏండ్లు పట్టును. నిండు కాపునకు మరికొన్ని యేండ్లు. గాలికి గంటలు చాలినవి. నేలకు దశాబ్దము కావలెను. నష్టపు లెక్క చెట్టుకు వేయబడును. చెట్టు యజమానికి చెందును. చెట్టెక్కి కాయ దింపువానికి, పీచు ఒలుచువానికి, పిక్క కొట్టు స్త్రీకి లెక్కింపదగిన చెట్టు లేదు. వారు కోల్పోయినవి రాబోవు ఏండ్ల పనిదినములు. తదనంతర చరిత్రలో పెద్ద భాగ మీ లెక్కకెక్కని దినములదే.

ఉద్దానమునకే చెందిన మరియొక విపత్తు ఇంతకంటె చిక్కైనది. దీర్ఘకాలిక మూత్రపిండవ్యాధి యిచట విస్తరించిన సంగతి 1990 దశకమునుండి వైద్యుల దృష్టికి వచ్చుచున్నది. మధుమేహము, రక్తపోటు మున్నగు సాధారణ హేతువులు లేనివారికిని ఇది సోకుచున్నది. శ్రీలంక ఉత్తరమధ్య ప్రాంతమునందును, మధ్య అమెరికాలోని ఎల్ సాల్వడార్, నికరాగ్వా దేశములందును ఇట్టి వ్యాధియే శ్రమజీవులలో కానవచ్చినది. భూగర్భజలములోని పదార్థములు, పురుగుమందులు, ఎండలో శ్రమించుటచే దేహము నీరు కోల్పోవుట, వంశగత కారణములు, ఇట్లు పెక్కు ఊహలను పరిశోధకులు పరిశీలించిరి. ఏ యొక్కటియు మూలకారణముగా స్థిరపడలేదు. తిత్లీకి తేది కలదు, పేరు కలదు. ఈ వ్యాధికి తేది లేదు; కర్త తెలియడు. తేదిలేని విపత్తు చరిత్ర గ్రంథముల యందు సులభముగా జారిపోవును.

ఈ వ్యాధిని శాపముగా వర్ణించుట వ్యాసములలోను ప్రసంగములలోను పరిపాటి యైనది. జాలితో పుట్టిన మాటయే యైనను అది దారి తప్పించునని మా అభిప్రాయము. శాప మన్నచో శపించినవా డొక్కడు, విమోచన మార్గ మొక్కటి యుండవలెను. అందువలన మనము తెలియకయే ఒక చిలుకకై వెదకుదుము. 2023 డిసెంబరు 14న పలాసలో 200 పడకల మూత్రపిండవ్యాధి పరిశోధన కేంద్రమును, ఆసుపత్రియు ప్రారంభమైనవి. హిరమండలము జలాశయమునుండి ఉద్దానమునకు త్రాగునీటిని తెచ్చు పథకమును ఆనాడే ప్రారంభింపబడెను. ఇవి విలువగల పనులు. వీనిని విమోచనముగా నెంచి కథ ముగిసిన దనుకొనుటయే పొరపాటు. రక్తశుద్ధికై వారమునకు రెండు మూడు మారులు ఆసుపత్రికి పోవువాని కాలము కథాకాలము గాదు. వెంటవచ్చు తోడు కోల్పోవు కూలియు, దారిఖర్చును, బడి మానిన బిడ్డయు ఆ చరిత్రలోనివే.

జానపద కథను తూలనాడుట మా యుద్దేశము గాదు. విపత్తులో నిశ్చేష్టులైనవారిని శిల లనిన కథకుడు మానవస్థితిని చక్కగా గుర్తెరిగినవాడే. అతడు మనకు విడిచిన పని మాత్రము మిగిలియున్నది. ఈ ప్రాంతమున పరిశోధింపబూను విద్యార్థులు తుపాను రాత్రి కథనములతో తృప్తి చెందక, ఏ తోట ఏ యేట మరల నాటబడినది, తొలికాయ ఎన్నడు దిగినది, ఈలోగా ఇంటివారెవరు ఏ యూరికి వలసపోయిరి, ఎవరు తిరిగివచ్చిరి అను వివరములను ఇంటింట సేకరింపవలెను. ఇల్లు చేరిన సైనికుని అతని భార్య ఏమడిగెనో కథకుడు చెప్పలేదు. ఉద్దానమున ఆ భార్యలు నేటికిని ఉన్నారు, పోయి యడుగవచ్చును.