పేరు వద్దన్న కంపెనీ

సినిమాకి డబ్బు పెట్టినవాడికి తన పేరు తెర మీద చూసుకోవాలని ఉంటుంది. అలాంటిది ఒక పెద్ద ఆయిలు కంపెనీ రెండున్నర లక్షల డాలర్లకి పైగా ఇచ్చి, తన పేరు వేయక్కర్లేదనీ, వచ్చే రాబడి కూడా దర్శకుడే ఉంచుకోవచ్చనీ ఒప్పుకుంది. కంపెనీ స్టాండర్డ్ ఆయిల్ ఆఫ్ న్యూజెర్సీ (1972లో ఎక్సాన్ అయింది). దర్శకుడు రాబర్ట్ ఫ్లాహర్టీ. సినిమా 1948 నాటి 'లూసియానా స్టోరీ'.

ఫ్లాహర్టీకి ఇలాంటి డబ్బు కొత్త కాదు. 1922లో ఆయనకి పేరు తెచ్చిన 'నానూక్ ఆఫ్ ది నార్త్' ఖర్చు భరించింది కూడా ఒక బొచ్చుతోళ్ళ వ్యాపార సంస్థే.

మరి ఆయిలు కంపెనీకి ఇంత ఔదార్యం ఎందుకు? జర్మనీలోని ఐ.జి. ఫార్బెన్‌తో చేసుకున్న పేటెంటు ఒప్పందాల వల్ల 1942లో, సరిగ్గా యుద్ధం మధ్యలో, సెనేట్ కమిటీ దగ్గర దాని పరువు పోయింది. భూమిలోంచి చమురు తీయడం ఎంత కష్టమో, ఎంత ప్రమాదమో జనానికి తెలిస్తే చాలు అనుకుంది. మా కన్సల్టింగ్ వాళ్ళకి బాగా తెలుసు, వంద పేజీల రిక్వైర్‌మెంట్స్ ఇచ్చే క్లయింటు కన్నా ఒక్క వాక్యం చెప్పి నవ్వే క్లయింటుతోనే జాగ్రత్తగా ఉండాలి.

ఫ్లాహర్టీ తన పని తాను చేశాడు. లూసియానాలో ఆబెవిల్ అనే ఊళ్ళో మకాం పెట్టాడు. పగలు తీసిన డ్రిల్లింగ్ దృశ్యాల్లో జీవం లేదని, మళ్ళీ రాత్రి దీపాల వెలుతురులో తీశాడు. రిచర్డ్ లీకాక్ కెమెరా, హెలెన్ వాన్ డాంగెన్ ఎడిటింగ్. వర్జిల్ థామ్సన్ సంగీతానికి 1949లో పులిట్జర్ వచ్చింది. సినిమా సంగీతానికి ఆ బహుమతి రావడం అదే మొదటిసారి.

బావి పేలి గ్యాసు ఎగజిమ్మే ఘట్టం కూడా సినిమాలో ఉంది. కంపెనీ దాన్ని అడ్డుకోలేదు. చూడండి, ఎంత స్వేచ్ఛ ఇచ్చారో అంటారు చాలామంది. నాకలా అనిపించదు. కంపెనీ చూపించమన్న కష్టం, ప్రమాదం అదే కదా! బావి అదుపులోకి వస్తుంది, రిగ్గు వెళ్ళిపోతుంది, నీళ్ళు ఎప్పటిలాగే తేటగా ఉంటాయి. బావి మూతి మీదికెక్కి కూర్చున్న కుర్రాడు చెయ్యి ఊపుతాడు. ఆ అందమైన అబద్ధం చెప్పమని ఫ్లాహర్టీని ఎవరూ అడిగినట్టు లేదు. ఆయనే నమ్మాడు.

హ్యూస్టన్ నుంచి ఐ-10 మీద న్యూ ఆర్లీన్స్ వెళ్ళే మన వాళ్ళు లాఫయెట్ దగ్గర ఆగి, దక్షిణంగా కొంత దూరం వెళ్తే ఆబెవిల్ వస్తుంది. ఆ తీరంలో 1932 - 2010 మధ్య సుమారు 1,900 చదరపు మైళ్ళ నేల నీళ్ళపాలయింది. మిసిసిపీకి కట్టిన కరకట్టలు ఒక కారణం. ఇంకొకటి, రిగ్గులు వెళ్ళడానికీ పైపులు వేయడానికీ ఆయిలు కంపెనీలు తవ్విన కాలవలు. వాటి వెంట ఉప్పునీరు లోపలికి వచ్చి గడ్డిని చంపేసింది.