మంగళం (హరికథా సంప్రదాయం)

పూజ, భజన, హరికథ, యక్షగానం, సంగీత కచేరీ పూర్తయ్యే వేళ దేవుడికీ, పాడినవారికీ, విన్నవారికీ శుభం కోరుతూ పాడే చిన్న రచన మంగళం. గౌతమీ గోదావరి ఒడ్డున కపిలేశ్వరపురంలో 1973లో వెలసిన శ్రీ సర్వారాయ హరికథా పాఠశాల ఈ సంప్రదాయానికి తెలుగునాట ముఖ్యమైన నెలవు. 2024లో పద్మశ్రీ పొందిన సంస్కృత హరికథకురాలు డి. ఉమామహేశ్వరి అక్కడే చదువుకున్నారు. ఇలాంటి చోట నేర్చిన కథకురాలు రెండు మూడు గంటల పాటు పద్యం, కీర్తన, వచనం, పిట్టకథ అన్నీ ఒంటరిగా మోసి, ఫలశ్రుతి చెప్పి, చిడతలు సవరించుకుని మంగళం ఎత్తుకుంటుంది. ఆ క్షణాన పందిరి తీరే మారిపోతుంది. కర్పూరం వెలుగుతుంది, ఒళ్లో నిద్రపోయిన పిల్లల్ని తట్టి లేపుతారు, అంతదాకా విన్నవాళ్లు పాడేవాళ్లవుతారు. వేదిక నుంచి పాట సభ చేతికి వచ్చే ఘట్టం ఇది. మంగళాన్ని ముగింపు గుర్తుగా మాత్రమే చూస్తే ఈ మార్పు కనబడదు.

ముగింపు కాక మరేమిటని అడగవచ్చు. ‘ఆ పనికి మంగళం పాడేశారు’ అన్నామంటే దాన్ని ఎత్తేశారనే కదా అర్థం! కానీ ఇదే తెలుగు నోరు ‘వెళ్తాను’ అనక ‘వెళ్లొస్తాను’ అంటుంది. దీపం ఆరిపోతే ‘కొండెక్కింది’ అంటుంది. అయిపోయిందన్న మాట అనడం ఇష్టంలేక శుభమైన మాటను అడ్డం పెట్టుకోవడం మన అలవాటు. మంగళం పాడటమనే నుడికారం పుట్టింది ఈ అలవాటులోంచే. శాస్త్ర గ్రంథాల్లో మొదట, నడుమ, చివర మూడుచోట్లా మంగళం ఉండాలని పూర్వులు చెప్పారు. సంస్కృత నాటకం నాందితో మొదలై భరతవాక్యంతో ముగుస్తుంది. మంగళమంటే అంతమనే అర్థమే అయితే మొదట్లో దానికేం పని?

రెండో ఆక్షేపణ సంగీతజ్ఞులది. ఇరవయ్యో శతాబ్దంలో అరియక్కుడి రామానుజ అయ్యంగారు (1890–1967) స్థిరపరచిన కచేరీ పద్ధతిలో మంగళం ఒక లాంఛనమనీ, అందులో సంగీతం పాలు తక్కువనీ అంటారు. పాలు తక్కువన్నది నిజమే; ఆలాపన లేదు, స్వరకల్పన లేదు. అయితే కచేరీలో అందరూ పాడే ‘నీ నామ రూపములకు’ త్యాగరాజు (1767–1847) ఉత్సవ సంప్రదాయ కీర్తనల్లోది. ఆ కీర్తనలు మేలుకొలుపు నుంచి పవ్వళింపు దాకా దేవుడికి చేసే ఉపచారాల వెంట నడుస్తాయి. అంటే కచేరీ మంగళాన్ని పుట్టించలేదు, భజన గోష్ఠి నుంచి అరువు తెచ్చుకుంది. విద్వత్తు చూపడానికి కట్టని రచనలో విద్వత్తు లేదనడం, హారతి పళ్లెంలో అన్నం లేదని కోప్పడినట్టుంటుంది.

రాగమే శుభకరమన్న వాదానికి మరికాస్త బలముంది. మధ్యమావతిలో ముగిస్తే పాడినదాంట్లో దోషాలు పోతాయని నమ్మకం. దీనికి సంగీత కారణమూ చెప్పవచ్చు: ఆ రాగంలోని అయిదు స్వరాలను ని–మ–స–ప–రి అని వరుసపెడితే, ఒక్కొక్కదానికి తర్వాతిది పంచమం అవుతుంది. చెవికి ఇంత హాయైన పొందిక అరుదు. మరి త్యాగరాజ మంగళం ఉన్నది సౌరాష్ట్రంలో! శుద్ధ రిషభం, వక్ర సంచారం, అన్యస్వరం ఉన్న ఆ రాగానికి మధ్యమావతిలోని సరళత లేదు. భద్రాచల రామదాసు ‘రామచంద్రాయ జనక’ మంగళాన్ని ఎక్కువగా పాడేది కురంజిలో. పొత్తు లేని ఈ మూడు రాగాలనూ కలిపేది స్వరాలు కావు, వాటిని పాడే సందర్భం. కురంజి సంగతి మరీ చెప్పుకోదగ్గది. అది కింద నిషాదానికీ పైన ధైవతానికీ మధ్యే తిరుగుతుంది, తారషడ్జం దాకా పోదు. నలుగురూ కలిసి పాడే పాటకు ఇంతకంటే అనువైన హద్దు ఉండదు.

హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు (1864–1945) సాహిత్యంలో, తాళంలో సామాన్యులకు అందని ఎత్తులు చూపినవాడు. అంతటి విద్వత్కళ కూడా చివరికి మంగళం దగ్గర జనంలోకి దిగాల్సిందే. పేరంటాల్లో ముత్తైదువలు మంగళహారతి పాడేటప్పుడు శ్రుతి ఎవరిదని ఎవరూ అడగరు, పందిరిలోనూ అంతే. అందువల్ల హరికథకు వెళ్లినవాళ్లు మంగళం ఎత్తుకోగానే చెప్పులు వెతుక్కోవద్దు. గొంతు కలపండి, కురంజిలో అందని స్థాయి ఏమీ లేదు.