వెండితెరపై ఈజిప్టు దేవతల దాయాదిపోరు

తండ్రి చనిపోయినాడు. కొడుకు ఇంకను పసివాడు. రాజ్యమును పినతండ్రి ఆక్రమించినాడు. ఈ మూడు మాటలు చెప్పినంతనే తక్కిన కథను తెలుగువాడు తానే అల్లుకొనగలడు. దాయాదిపోరు మనకు వేరొకరు నేర్పవలసిన విషయము కాదు. ప్రాచీన ఈజిప్టు ప్రజలు తమ దేవతల నడుమ జరిగినదని చెప్పుకొన్న మహాకలహము సరిగా ఇట్టిదే. చనిపోయిన రాజు ఒసైరిస్. అతనిని చంపిన తమ్ముడు సెత్. శవమును వెదకి తెచ్చి, మంత్రబలముచే దానికి చైతన్యము కలిగించి, కొడుకును కని, నైలునది డెల్టాలోని జమ్ముపొదలలో దాచి పెంచిన భార్య ఐసిస్. పెరిగి పెద్దవాడై తండ్రి పదవిని అడిగిన కొడుకు హోరస్. వీరందరును ఒక్క ఇంటివారే. ఐసిస్ కూడ ఆ అన్నదమ్ములకు తోబుట్టువే గనుక, సెత్ హోరస్‌కు పినతండ్రియు అగును, మేనమామయు అగును!

ఈ కథను సినిమా పరిశ్రమ అత్యంత ఆడంబరముగా తెరకెక్కించినది 2016 లో. “గాడ్స్ ఆఫ్ ఈజిప్ట్” అను ఆ చిత్రమునకు సుమారు 14 కోట్ల డాలర్లు వ్యయమైనవి. దర్శకుడు అలెక్స్ ప్రోయాస్ గ్రీకు తలిదండ్రులకు ఈజిప్టులోని అలెగ్జాండ్రియాలోనే పుట్టినవాడు. చిత్రమును మాత్రము ఆస్ట్రేలియాలో తీసినాడు. అందులో దేవతలు మానవులకంటె చాల ఎత్తరులు. గాయము తగిలిన బంగారు రక్తము కారును. కోపము వచ్చినప్పుడు లోహపు రెక్కలు తొడిగిన పక్షులుగాను మృగములుగాను మారి తలపడుదురు. హోరస్ పట్టాభిషేకము నాడే సెత్ సభలోనికి వచ్చి, అన్నను చంపి, హోరస్ కన్నులు పెరికివేయును. బెక్ అను ఒక కుర్రదొంగ ఆ కన్నులలో ఒకదానిని దొంగిలించి తెచ్చి యిచ్చును. ఆపైన పోరాటము మీద పోరాటము. తుదకు హోరస్ చేతిలో సెత్ చచ్చుటతో కథ ముగియును. హోరస్‌గా డేనిష్ నటుడు, సెత్‌గా స్కాట్లండు నటుడు! ఆఫ్రికా ఖండమునందలి దేవతల కథలో దాదాపు అందరును తెల్లవారే ఏమని లోకము ప్రశ్నించగా, 2015 నవంబరులోనే, అనగా చిత్రము విడుదల కాకమునుపే, దర్శకుడును నిర్మాణసంస్థయు క్షమాపణ చెప్పుకొనవలసివచ్చినది. జ్ఞానదేవత థోత్ పాత్రను మాత్రము నల్లజాతి నటుడు చాడ్విక్ బోస్‌మన్ ధరించినాడు.

కథను మార్చినారని ఆ చిత్రమును నిందించుట నా ఉద్దేశము కాదు. శశిరేఖా పరిణయము వ్యాసభారతమున లేదు. అయినను 1957 నాటి “మాయాబజార్” చిత్రమును చూచి అది భారతమే కాదని లేచిపోయినవారు లేరు. పురాణమును ప్రతి తరమువారును తమకు తోచినట్లు పెంచుకొనుచునే యుందురు. ఈజిప్టువారును అట్లే చేసినారు. నా ప్రశ్న వేరు. ఈ దేవతలు అసలు దేనికొరకు పోరాడినారు? ఆ పోరు ఎట్లు ముగిసినది? ఈ రెండింటికిని ప్రాచీనులు చెప్పిన సమాధానము వెండితెరమీద ఎక్కడను కనబడదు.

ఆ సమాధానము చెప్పు గ్రంథము మనకు దక్కినది. రాజుల సమాధులను తొలిచిన పనివారి గ్రామమైన దేర్ అల్ మదీనాలో, 1928 ప్రాంతమున బయటపడిన పపైరస్ చుట్టలలో అది ఒకటి. క్రీస్తుపూర్వము 12వ శతాబ్దిలో, అయిదవ రామెసిస్ కాలమున వ్రాసినది. 1931 లో సర్ అలన్ గార్డినర్ దీనిని ప్రకటించినాడు. ఇప్పుడు ఐర్లండు రాజధాని డబ్లిన్‌లో, చెస్టర్ బీటీ గ్రంథాలయమున ఉన్నది. కథ యుద్ధభూమిలో కాదు, న్యాయస్థానములో ఆరంభమగును. వాది హోరస్, ప్రతివాది సెత్, న్యాయమూర్తులు నవదేవతలు, అధ్యక్షుడు సూర్యదేవుడు రా. దావా అప్పటికే ఎనభై ఏండ్లుగా నడచుచున్నది! సివిలు దావాల వాయిదాలు తెలిసినవారికి ఇందులో ఆశ్చర్యము తోచదు.

సభలో చాలమంది హోరస్ పక్షము. కడుపున పుట్టిన కొడుకు ఉండగా పదవి మేనమామకు ఎట్లు చెందునని వారి వాదము. ఎదిగిన బంధువు ఉండగా కుర్రవానికి ఎట్లు కట్టబెట్టుదురని మరికొందరి వాదము. అధ్యక్షునకు మాత్రము సెత్ మీదనే మక్కువ. ఈ కుర్రవాని నోటిలో ఇంకను పాలవాసన పోలేదు అను ధోరణిలో హోరస్‌ను ఆయన ఈసడించును. ఒక చిన్నదేవుడు ఎదురుతిరిగి, నీ గుడి ఖాళీగా ఉన్నదని అవమానించగా, రా అలిగి వెల్లకిల పడుకొని పలుకడు. కూతురు హాథోర్ వచ్చి ఒక చేష్టచేసి ఆయనను నవ్వించి లేపును. ఆ చేష్ట రేడియోలో చెప్పదగినది కాదు. వృద్ధదేవత నీత్‌కు సలహా కోరుచు లేఖ వ్రాయుదురు. పదవి కొడుకుకు ఇండు, సెత్‌కు ఆస్తి రెండింతలు చేసి పరదేశపు దేవతలైన అనత్, అస్తార్తెలను ఇచ్చి తృప్తిపరచుడు, లేనిచో ఆకాశము విరిగి పడునని ఆమె జవాబు. ఇది ఒక పెద్దముత్తైదువ చేసిన పరిష్కారము. ఎంత లోకజ్ఞత!

అన్నిటికంటె రమ్యమైన ఘట్టము ఐసిస్‌ది. ఆమె మాటకారితనమునకు జంకి సెత్ విచారణను ఒక లంకకు మార్పించును. ఐసిస్‌ను పోలిన స్త్రీ ఎవతెను దాటించరాదని పడవవానికి ఆజ్ఞ. ఆమె ముసలిదాని వేషమున వచ్చి, మొదట రొట్టె చూపి, అతడు లొంగకపోగా వ్రేలి బంగారుటుంగరము ఇచ్చి దాటును. లంకలో అందగత్తెగా మారి సెత్ కంటబడును. నా మగడు పశువుల కాపరి, చనిపోయినాడు, కొడుకు మందను మేపుకొనుచుండగా ఒక పరాయివాడు వచ్చి కొట్టి వెడలగొట్టి మందను తీసికొందునని బెదరించుచున్నాడు, నీవే దిక్కు అని మొర పెట్టుకొనును. కొడుకు బ్రతికియుండగా మంద పరాయివానికి ఎట్లు చెందునని సెత్ మండిపడును. అంతే! ఐసిస్ గ్రద్దయై తుమ్మచెట్టెక్కి, నీ నోటనే నీకు తీర్పు వచ్చినదని అరచును. ప్రాచీన ఈజిప్టు భాషలో పశుసంపదకును పదవికిని మాట ఒకే తీరుగా పలుకును. కథ అంతయు ఆ శ్లేషమీద నిలిచినది. సెత్ ఏడ్చుచు పోయి రాతో మొర పెట్టుకొనగా, తీర్పు నీవే చెప్పుకొంటివి గదా, ఇంకేమి కావలెనని ఆయనకూడ అనవలసివచ్చినది. లంచము తిన్న పడవవానికి మాత్రము పాదముల ముందుభాగములు నరికిరి.

ద్వంద్వయుద్ధములు లేకపోలేదు. ఇద్దరును నీటిగుర్రములై మూడు నెలలు నీట మునిగి యుండవలెనని పందెము. ఐసిస్ విసరిన రాగిబల్లెము మొదట పొరపాటున కొడుకుకే తగులును. రెండవసారి సెత్‌కు తగులగా, తోబుట్టువునని అతడు వేడుకొనుటచే ఆమె మనసు కరిగి వదలివేయును. దానికి కోపించి హోరస్ తల్లి తలనే నరకును. అందుకు శిక్షింప వెడలిన దేవతలలో సెత్ అతనిని ముందుగా కనుగొని కన్నులు పెరికివేయును; హాథోర్ జింకపాలు పోసి బాగుచేయును. అటుపిమ్మట రాతిపడవల పందెము. హోరస్ కొయ్యపడవకు సున్నము పూసి రాతిపడవ అనిపించును. సెత్ నిజముగానే కొండకొమ్మును తొలిచి పడవచేసి మునిగిపోవును. బలవంతుడు, అమాయకుడు కూడ. ఇతనిని కేవలము దుర్మార్గునిగా చిత్రించవలెనను తలంపు కథకునకు లేదు.

తుదకు పాతాళమునందున్న ఒసైరిస్‌కే లేఖ పోవును. దేవతలకు తిండిపెట్టు ధాన్యము తనదేననియు, ఏ దేవతకును జంకని దూతలు తన లోకమున ఉన్నారనియు అతడు వ్రాయగా, సభవారు ఇక ఆలస్యము చేయక హోరస్‌కే పదవి యని తేల్చుదురు. సంకెళ్ళతో తెచ్చిన సెత్‌ను అడుగగా అతడే ఒప్పుకొనును. మరి ఓడిన వాని గతి యేమి? ఇతనిని నాకిండు, కొడుకువలె నాతో ఉండును, ఆకాశమున ఉరుమును, లోకము అతనికి భయపడును అని రా తీసికొనిపోవును. సెత్ చావడు! ఉరుములు పుట్టినవి.

ఇది ఒక కథకుని చమత్కారము మాత్రమే కాదు. బ్రిటిష్ మ్యూజియంలోని షబాకా రాజు శిలాశాసనమున కూడ ఈ తగవు కలదు. అక్కడ తీర్పరి భూదేవుడు గెబ్, అనగా హోరస్‌కు తాత. ఆయన మొదట పంపకము చేసి ఎగువదేశము సెత్‌కు, దిగువదేశము హోరస్‌కు ఇచ్చి, పిమ్మట మనసు మార్చుకొని అంతయు పెద్దకొడుకు కొడుకుకే ఇచ్చినాడు. ప్రతి రాత్రియు సూర్యుని పడవను మ్రింగవచ్చు అపోఫిస్ మహాసర్పమును ముక్కుకొయ్య దగ్గర నిలిచి బల్లెముతో పొడుచువాడు కూడ సెత్తే. 2016 నాటి చిత్రములో ఇది తలక్రిందులైనది: అక్కడ సెత్ రాను పొడిచి పడవనుండి త్రోసివేయును, సర్పమునకు దారి తెరచును.

మరి సెత్ ఇట్టి రాక్షసుడు ఎట్లు అయినాడు? దోషమంతయు సినిమావారిది కాదు. 19వ రాజవంశమున సెతీ అను పేరుగల రాజులు ఏలినారు. ఆ పేరునకు అర్థము సెత్‌వాడు అని. కాని అతడు ఎడారికిని పరదేశములకును దేవత. క్రీస్తుపూర్వము మొదటి సహస్రాబ్దిలో అస్సీరియనులు, పారశీకులు దేశమును ఆక్రమించిన పిమ్మట, పరదేశపు దేవత పగవాడైనాడు. అనేక స్థలములలో అతని పేరును బొమ్మను చెక్కివేసినారు. గ్రీకులు అతనిని తమ టైఫన్ రాక్షసునితో కలిపినారు. క్రీస్తుశకము 2వ శతాబ్ది ఆరంభమున ప్లూటార్క్ గ్రీకు భాషలో వ్రాసిన కథయే యూరపునకు తెలిసిన కథ. ఆ సెత్తే హాలివుడ్‌కు చేరినాడు. 2017 నాటి “ది మమ్మీ” అతనిని ఏకముగా మృత్యుదేవతను చేసినది.

యుద్ధమునే చూపదలచినవారికి ఎడ్ఫూ ఆలయమున్నది. క్రీ.పూ. 237 లో మొదలై క్రీ.పూ. 57 లో ముగిసిన ఆ హోరస్ ఆలయపు ప్రాకారముమీద పడవనెక్కి నీటిగుర్రమును బల్లెముతో పొడుచుచున్న హోరస్ బొమ్మలు వరుసగా ఉన్నవి. ప్రక్కన సంభాషణలు కూడ చెక్కినారు. ఇది ఏటేట ఉత్సవములో ఆడిన నాటకమని ఫెయిర్‌మన్ పండితుని అభిప్రాయము. చిత్రమేమన, ఆ నీటిగుర్రమును పిల్లికూనంత చిన్నదిగా చెక్కినారు. పెద్దదిగా చెక్కిన ఆ బొమ్మయే కీడు చేయునను భయము. చివరి దృశ్యములో కోసినది నీటిగుర్రపు ఆకారమున చేసిన పిండివంట. కోట్ల డాలర్లతో శత్రువును ఆకాశమంత చేసి చూపు కాలమున ఇది తలచుకొనదగిన శిల్పనీతి.

తక్కిన చిత్రములను గూర్చి కొద్దిగా. 1932 నాటి “ది మమ్మీ”లో కథానాయిక మొరవిని ఐసిస్ విగ్రహము చేయి ఎత్తి మాంత్రికుని రూపుమాపును. ఆ ఒక్క కదలికలో దేవత ఉన్నది. 1956 నాటి “ది టెన్ కమాండ్‌మెంట్స్” కూడ దేవతల యుద్ధమే, కాని అందులో ఈజిప్టు దేవత పలుకడు: చనిపోయిన కొడుకును సోకర్ విగ్రహము ముందుంచి రాజు వేడుకొనును, రాయి రాయిగానే ఉండును. 1994 నాటి “స్టార్‌గేట్” రాను గ్రహాంతరవాసిని చేసినది. ఆరాధించువారు మిగులని దేవతలు ఎవరికైనను దొరకుదురు. మన పౌరాణిక చిత్రమున కృష్ణుని మాట ఒకటి తప్పిన, ముందు వరుసలో కూర్చున్న ముసలమ్మ ఊరుకొనదు. సెత్ పక్షమున అడుగుటకు అట్టి ముసలమ్మ లేదు.

దేవత ఒక్కడును కనిపించకయే ఈ కథకు మిగుల దగ్గరకు వచ్చిన చిత్రము ఒకటి ఈజిప్టులోనే వచ్చినది: షాదీ అబ్దెల్ సలాం 1969 లో తీసిన “అల్ మూమియా”. 1881 లో దేర్ అల్ బహ్రీ కొండలలో దాచిన రాజుల శవములు బయటపడిన నిజవృత్తాంతము దానికి ఆధారము. ఒక తెగవారు రహస్యసమాధిలోని సొమ్మును కొద్దికొద్దిగా అమ్ముకొని బ్రతుకుచుందురు. పెద్ద చనిపోవును. పినతండ్రులు ఆ రహస్యమును ఇద్దరు కొడుకులకు అప్పగింతురు. చచ్చినవారిని అమ్ముకొనుట ఏమి వారసత్వమని పెద్దకొడుకు తిరస్కరించగా, అతనిని చంపించి నైలునది పాలు చేయుదురు. ఇక చిన్నవాడు వనీస్ మిగిలినాడు. తండ్రి ఇచ్చినది స్వీకరింపవలెనా, ఎవరికి అప్పగింపవలెనా అని అతడు రాత్రియంతయు శిథిలముల నడుమ తిరుగును. ఒక్క కత్తియుద్ధము లేదు. నైలునదిలో పడిన అన్నయు, వారసత్వపు ప్రశ్నయు ఉన్నవి. దర్శకుడు ఒసైరిస్‌ను ఉద్దేశించినాడో లేదో గాని, నాకు మాత్రము ఆ పపైరస్ గుర్తుకు వచ్చినది.

తుదకు వనీస్ రహస్యమును అధికారులకు చెప్పును. తెల్లవారుజామున శవపేటికలను మోసికొనిపోయి నదిలోని ఓడకు చేర్చుదురు. నిజముగా 1881 లో ఆ ఓడ కైరోకు పోవునపుడు, ఇరుగట్ల పల్లెల స్త్రీలు జుట్టు విరబోసికొని ఏడ్చుచు వెంట నడచినారని పురాతత్త్వవేత్త మాస్పెరో వ్రాసినాడు. ఆ ఓడలో పోయిన రాజులలో సెత్ పేరు ధరించిన మొదటి సెతీ కూడ ఉన్నాడు.